తండ్రి తిన్నదే

మార్చి ఆరున ఇజ్రాయేలు తిన్నది పెరుగన్నం, ఊరమిరపకాయ. కోర్టు మధ్యంతర ఉత్తర్వు వచ్చిన రోజది. విడాకుల కేసు తేలేదాకా అతను ఏది తింటే, తల్లి దగ్గరున్న కూతురికి అక్కడి వంటయంత్రం అదే వండిపెడుతుంది. ఖర్చు అతని జీతంలోంచి పోతుంది. విడిపోయిన తండ్రులందరికీ ఇప్పుడు ఇదే పద్ధతి.

ఆనాటి నుంచి అతనికి నాలుక మొద్దుబారిపోయింది. మెస్సులో రోజూ పెరుగన్నమే కలుపుకుంటున్నాడు.

పన్నెండో రోజు సాయంత్రం ఏడేళ్ల కెజియా ఫోన్ చేసింది.

"నాన్నా, ఇవాళ కూడా పెరుగన్నమేనా?"

"ఆకలి లేదు తల్లీ."

"నీకు లేకపోతే? నాకుందిగా!"

మెస్సు నడిపే ఆదెమ్మకు ఆ గొంతు వినబడింది. ఆర్పేసిన పొయ్యి మళ్లీ వెలిగించి, గుడ్డట్టు వేసి తెచ్చింది.

"తిను అబ్బాయ్. అక్కడ పిల్ల కాసుకోనుంటది."

అట్టు ఎలా ఉందో తెలియకుండానే అతను తిన్నాడు. కాసేపటికి ఫోన్‌లో కేక.

"నాన్నా, అట్టొచ్చింది! ఇంకోటి తినవా?"

"ఆదెమ్మా, ఇంకో గుడ్డుందా?" అన్నాడు.

అతను రెండోది కూడా తిని, చెయ్యి కడుక్కుని వెళ్లేదాకా ఆగి, ఆదెమ్మ చప్పుడు కాకుండా మెస్సు తలుపు మూసింది.