చీర ఆరేదాకా

శాలువా కప్పగానే ఆ జపాన్ పెద్దాయన దాన్ని తీసి పక్కనున్న భార్యకు కప్పబోయాడు.

అమెరికాలో, ప్లెయిన్స్‌బరో అపార్ట్‌మెంట్ల క్లబ్‌హౌస్ చప్పట్లతో మోగింది.

"ఎంత ప్రేమో చూడండి! మేడమ్, మీరు కొంచెం పక్కకి. ఫొటోలో డైరెక్టర్ ఒక్కరే ఉండాలి," అన్నాడు తెలుగు సంఘం ప్రెసిడెంట్ లక్ష్మీపతి.

ఆవిడ ఏదో చెప్పబోయింది. లక్ష్మీపతి చేతిలో మైకుండగా ఇంకొకరి మాట ఎవరికి వినబడుతుంది? నవ్వేసి స్టేజీ దిగిపోయింది.

ముఖ్య అతిథి హయాసె ఏ కంపెనీ అండా లేకుండా ఏళ్ల తరబడి సొంతంగా రాసి సినిమాలు తీసిన డైరెక్టరట. ఆ సినిమాల్లో ఒక్కటైనా చూసినవాడు హాల్లో లేడు. శాలువా మాత్రం కొన్నారు.

తర్వాతి అంశం రేణుది. ఆమె ఫోన్‌తో తీసిన చిన్న సినిమాని, ఆ ఫోన్‌నే ప్రొజెక్టర్‌కి తగిలించి వేస్తున్నారు. బాల్కనీలో బట్టలు ఆరేయకూడదనే కాంప్లెక్స్‌లో, బాత్రూంలో చీర ఆరేసుకునే ఒకామె కథ.

"ఆ డైరెక్టర్ ఒక్క మంచి మాట అన్నా చాలు, కంటిన్యూ చెయ్. లేకపోతే ఈ పిచ్చి ఇంక ఆపెయ్యాలి. డీలా?" అన్నాడు భర్త రాజీవ్, బయల్దేరే ముందు.

"డీల్," అంది రేణు.

సినిమా మొదలైంది. శాలువాలో పెద్దాయన నిద్రపోయాడు. గురక కూడా పెట్టాడు.

రేణు లేచి క్లబ్‌హౌస్ వంటగదిలోకి పోయింది. వెనకే ఆ జపాన్ ఆవిడ వచ్చింది, చేతిలో పులిహోర ప్లేటు.

"చీరలోంచి నీళ్లు కారుతుంటే షాట్ కట్ చేయలేదు. ఎందుకు?" అంది, ఇంగ్లీషులో మెల్లగా.

"కట్ చేయబుద్ధి కాలేదు ఆంటీ."

"నేనైతే చీర ఆరేదాకా ఉంచేదాన్ని. ఇంకోటి తియ్యి."

"థాంక్యూ," అంది రేణు, ముఖం తిప్పుకుని. డైరెక్టర్ భార్య జాలిపడితే సినిమా బాగున్నట్టా?

ఇంటికొచ్చారు. డీల్ డీలే. రేణు ఫోన్‌లో ఉన్న ఆ ఒక్క కాపీనీ డిలీట్ చేసింది. మళ్లీ మనసు మారుతుందేమోనని ట్రాష్ కూడా ఖాళీ చేసేసింది.

మర్నాడు లక్ష్మీపతి భార్య ఉమ ఫోన్ చేసింది.

"రేణూ, నీ సినిమా వెంటనే పంపు. హయాసె గారు జపాన్ తీసుకెళ్లి చూపిస్తారట. ఎయిర్‌పోర్ట్‌లో దింపుతుంటే మరీ మరీ అడిగారు."

"గురక పెట్టి మరీ నిద్రపోయారుగా ఆంటీ!"

"అయ్యో, నిద్రపోయింది డైరెక్టర్ కాదే తల్లీ," ఉమ గొంతు తగ్గించింది, "మనం శాలువా కప్పింది ఆవిడ మొగుడికి."