నొప్పి లేని కేసు

"దగ్గండి పెద్దమ్మా."

మంచం మీది ముసలావిడ దగ్గింది. గజ్జలో నిమ్మకాయంత బుడిపె కదల్లేదు.

దగ్గమన్న అమ్మాయికి డాక్టరు పరీక్ష మీద ఇది మూడో దండయాత్ర. గజ్జ గురించి చదివి చదివి, కాళ్ళకి గజ్జెలు కట్టినట్టు వణుకుతోంది. ఆ జానెడు చోటులో ఉన్నన్ని లిగమెంట్లనే బంధనాలు బంధువుల మధ్య కూడా ఉండవు.

పరీక్షరోజున రోగుల్ని పిలిపించి విద్యార్థికొకరు చొప్పున పడుకోబెడతారు. అక్కడ వాళ్ళ పేరు కేసులు. కోర్టు లేదు గాని విచారణ మాత్రం ఉంటుంది.

వేలు ఆనించగానే ముసలావిడ పళ్ళు బిగపట్టింది.

అమ్మాయి గొంతు తగ్గించి బతిమాలుకుంది. కేసు నొప్పి అంటే పరీక్ష ఆపేస్తారు, ఇవాళ తనకి వేరే కేసు లేదు, ఈసారి తప్పితే ఇంట్లో ఇక చదివించరు.

ముసలావిడ ఆ వడిలిన మొహాన్ని కాసేపు చూసింది.

"కానివ్వు తల్లీ."

ఎగ్జామినరు వచ్చి స్టూలు మీద కూలబడ్డాడు. పొద్దుటినించీ అడిగిందే అడిగి ఆయన నోరెండిపోయింది. రోగిని ముట్టుకునే ఓపిక కూడా లేదు.

"నొప్పి ఉందా అమ్మా?"

"లేదు బాబూ."

బుడిపె ఎక్కడుందని అమ్మాయిని అడిగాడు. తుంటి ఎముక నుంచి కిందికి తాడులా బిగిసి ఉండే ఇంగ్వైనల్ లిగమెంటుకి దిగువన అంది.

"అక్కడుంటే ఏమిటి ప్రమాదం?"

"పేగు జారి బుడిపెగా తేలిన ఆ సందు పక్కనే లాక్యునర్ లిగమెంటు ఉంటుంది సార్. దాని అంచు కత్తి. పేగు అక్కడ ఇరుక్కుంటే రక్తం ఆగిపోతుంది. ఆలస్యమైతే మనిషి దక్కదు."

ముసలావిడ కళ్ళు మూసుకుని వింది.

ఎగ్జామినరు ఆవలింత మధ్యలోంచి పాస్ అన్నాడు.

సాయంత్రం అమ్మాయి ఓ దండం పెట్టుకుందామని వచ్చింది. మంచం ఖాళీ. నర్సు దుప్పటి మారుస్తోంది. లోపల పేగు నల్లబడిపోయిందట, ఆపరేషన్ బల్ల మీదే ప్రాణం పోయిందట.

"నొప్పి లేదన్నారు సిస్టర్. సార్ అడిగినా లేదనే అన్నారు."

నర్సు ఆ మంచం అంచునే కూర్చుండిపోయింది.

"నీకు రావాల్సిన కేసు ఇవాళ రానేలేదమ్మా. ఆవిడ నొప్పికి తాళలేక పొద్దున్నే వచ్చిన మనిషి, పెద్ద డాక్టరు పరీక్షల్లో ఉన్నారంటే ఆయన వచ్చేదాకా ఇక్కడ పడుకోబెట్టాను."