మగవాళ్ళకు ప్రవేశం లేదు

“మొహం కాస్త ఇటు తిప్పండి. గిన్నె ఒక్కటే పడుతోంది,” అంది భార్య, ఫోన్ ఎత్తి పట్టుకుని.

మోటారు మెకానిక్ మాడిన అడుగు గీకడం ఆపకుండానే మొహం తిప్పాడు. పెళ్ళయిన పన్నెండేళ్ళలో తాగిన గ్లాసు తీసి సింకులో పెట్టిన పాపాన పోని మనిషి. నెల్లాళ్ళ కిందట చెయ్యి కడుక్కుంటూ, పొరపాటున ఒక చెంచా కూడా కడిగాడు. భార్య అది ఫోటో తీసి ఏదో ఆడవాళ్ళ గ్రూపులో పెట్టిందట. సాయంత్రానికల్లా నూటనలభై లైకులు వచ్చాయంది. అందులోకి మగవాళ్ళకు ప్రవేశం లేదు కనుక, వచ్చిన మాటలు ఆవిడే చదివి వినిపించేది. బంగారంలాంటి మనిషని ఒకావిడ రాసిందట. పెట్టి పుట్టావు తల్లీ అని ఇంకొకావిడ.

చచ్చిన మోటార్లకు ఎన్నిటికి ప్రాణం పోసినా, మళ్ళీ చెడిపోదు కదా అన్నవాళ్ళే గానీ మెచ్చుకున్న నాథుడు లేడు. మెకానిక్ మెప్పు రుచి మరిగాడు. చెంచా నుంచి గిన్నెలకు, గిన్నెల నుంచి గచ్చుకు, అక్కణ్ణుంచి దుప్పట్లకు ఎదిగాడు. మూడువందలు దాటాడు.

అంతలో భార్య నిట్టూరుస్తూ ఒక కబురు మోసుకొచ్చింది. వెనకవీధి దర్జీ పరదాలు ఉతికి, ఇస్త్రీ కూడా చేసి, నాలుగువందలు కొట్టాడట.

మెకానిక్‌కు ముద్ద దిగలేదు. పొద్దున్నే కళ్ళారా చూద్దామని వెనకవీధికి వెళ్ళాడు. దర్జీ కుర్చీ ఎక్కి ఫ్యాను రెక్కలు తుడుస్తున్నాడు. కింద అతని భార్య ఫోన్ పట్టుకుని నిలబడి ఉంది.

“నాలుగువందలటగా?” అన్నాడు మెకానిక్, గుమ్మంలోంచే.

“నాలుగువందల ఆరు,” అన్నాడు దర్జీ, రెక్క మీంచి చూపు తిప్పకుండా. “నీ బండి మూడొందల దగ్గరే మొరాయించిందట?”

“పరదాలు గుడ్డలేగా. నీకు చేతికలవాటైన పని. అందులో గొప్పేముంది?”

“అయితే నువ్వు బాత్రూము కడుగు, చూద్దాం.”

మెకానిక్ తిన్నగా ఇంటికొచ్చి, ప్యాంటు మోకాళ్ళ దాకా మడిచి, బాత్రూము మూలమూలలా తోమాడు. కుళాయి మీద మరకలు సైతం గోటితో గీకాడు. ఆనక తల దువ్వుకుని, బ్రష్షు భుజాన వేసుకుని, రొమ్ము విరుచుకుని నిలబడ్డాడు.

“ఈసారి అయిదువందలు దాటుతాయంటావా?” అన్నాడు, భార్య మొహంలోకి ఆశగా చూస్తూ.

“దాటకేం. కిటికీలు కూడా తుడిస్తే మీకిక తిరుగుండదు,” అంటూ ఆవిడ ఫోటో పంపింది.

గ్రూపులో ఉన్నది ఆవిడా, దర్జీ భార్యా, అంతే.