ఒడ్డు మీది సభ

అడవి మధ్య కుంటలో నీళ్ళు తీసేస్తే అడుగున ఉన్న తుంగగడ్డలు తవ్వుకు తినొచ్చని, గట్టు తెంచుతామన్నాయి పందులు. అందరి మాటా విన్నాకే తేల్చుదామని జంతువులన్నీ ఒడ్డు మీద సభ పెట్టుకున్నాయి. కుంటలోని తోకకప్పలు ఒడ్డెక్కలేవు. అందుకని తమ తరఫున బోదురుకప్పను పంపాయి. మొన్నమొన్నటిదాకా అదీ తమలాగే తోకతో ఈదిందే కదా, తమ కష్టం దానికి తెలియదా అనుకున్నాయి.

సాయంత్రం బోదురుకప్ప తిరిగొచ్చి గట్టు మీద కూర్చుంది. "మనకేం అభ్యంతరం లేదని చెప్పొచ్చాను" అంది.

తోకకప్పలు ఈదడం మరిచిపోయాయి. ఒక చిన్నది, "మామా, నీళ్ళు లేకపోతే మేం చచ్చిపోతాం" అంది.

బోదురుకప్ప నిజంగానే విస్తుపోయింది. "చావడమేంటర్రా? ఒడ్డెక్కేయండి. నేనెక్కలేదా?"

తోకకప్పలన్నీ తమలో పెద్దదాని వైపు చూశాయి. నిన్న నీళ్ళు తీయొద్దని అందరికన్నా గట్టిగా అరిచింది అదే.

అది ఒడ్డు వైపు చూసి, "మామ చెప్పిందీ సబబుగానే ఉంది" అంది.

దానికి ఆ పొద్దుటే కాళ్ళు మొలిచాయి.