వంటగదికి పూచీ

వైదేహి మళ్లీ వంటగది తలుపు తోసింది. తలుపు కదల్లేదు కానీ మర్యాదగా మాట్లాడింది.

"క్షమించండి. ఇళ్ల అప్పులకు ప్రభుత్వ పూచీకత్తు ఏ గదుల దాకా ఉండాలన్న చర్చ పార్లమెంటులో నడుస్తోంది. మీ హాలుకీ పడగ్గదికీ ఉంచారు. వంటగది సంగతి తేలేదాకా బ్యాంకు తాళం వేసింది."

"మేం ఒక్క వాయిదా కూడా ఎగ్గొట్టలేదు కదా!"

"మీ తప్పేం లేదండి. ఇది సంస్కరణ."

రాత్రి రుబ్బి పెట్టిన ఇడ్లీ పిండి లోపల పొంగి, పులిసిన వాసన తలుపు సందులోంచి వస్తోంది. కాకినాడలో ఇంటింటా ఇదే గొడవ కావడంతో హోటళ్లలో పొద్దున్నే అన్నీ అయిపోయాయి. పన్నెండింటికల్లా చర్చ ముగుస్తుందని తలుపు చెబితే నమ్మి, అత్తగారు సీతారత్నం భోజనానికి ముందు వేసుకోవాల్సిన షుగరు మాత్ర వేసేసుకుంది. బిస్కెట్ల డబ్బా కూడా లోపలే ఉంది.

"చేతులు వణుకుతున్నాయే అమ్మాయ్," అంది ఆవిడ హాల్లోంచి.

వైదేహికి ఒళ్లు మండిపోయింది. అరచేత్తో తలుపు మీద దబదబా బాదింది.

"ఇంకా ఎంతసేపు మాట్లాడతారు వాళ్లు? ఇక్కడో పెద్దావిడ ఆకలికి పడిపోయేలా ఉందని చెప్పవయ్యా!"

"చెప్పడానికి ఇప్పుడు సభలో ఎవరూ లేరండి," అంది తలుపు అంతే మర్యాదగా. "అందరూ భోజనాలకు లేచారు."