ఆరో బిళ్ళ

“ఇదే నీ ఆఖరి పరుగట కదా అన్నా?” బూటు తాడు బిగిస్తూ అడిగాడు వార్డ్. “ఇన్నేళ్లలో ఒక్క మెడల్ కూడా రాలేదటగా?”

ఒమెర్ తలెత్తలేదు. గుడారం మీద మార్చి వాన చిటపటలాడుతోంది. అవతల బ్రస్సెల్స్ గుర్రప్పందేల మైదానం అప్పుడే దున్నిన మడిలా ఉంది.

“ఎవరు చెప్పారు?”

“వదినే.”

ఇంటి సంగతులన్నీ తన పెళ్లాం సిడోనీ వీడి చెవిన వేస్తోందన్నమాట.

యుద్ధమయ్యాక ఇటుకల బట్టీలో పనికి చేరినప్పుడు వీడికి బురదలో అడుగెలా వేయాలో తెలియదు. నేర్పింది ఒమెరే. ఇప్పుడు ఆదివారం భోజనాల దగ్గర దళసరి మాంసం ముక్క వాడి పళ్లెంలోకే పోతుంది. ఎదిగే పిల్లాడు తిననీ అంటుంది సిడోనీ. పేపర్లో వాడి ఫొటో పడింది. పక్కనే నిలబడ్డ ఒమెర్‌ది మోచేయి మాత్రమే పడింది.

అన్నిటికన్నా పెద్ద మంట జట్టు లెక్క. ఈ క్రాస్‌కంట్రీ పోటీలో దేశానికి తొమ్మిదిమంది పరిగెడతారు. ముందొచ్చిన ఆరుగురి స్థానాలే కూడతారు, మొత్తం తక్కువైన జట్టుదే గెలుపు. జట్టుకొచ్చే మెడల్స్ కూడా ఆ ఆరుగురికే. ఏటా ఏడోవాడిగా మిగిలిపోయిన ఒమెర్, పాత ఆరోవాడు మానేశాక ఇక తన వంతే అనుకున్నాడు. సరిగ్గా అప్పుడే ఊడిపడ్డాడు వార్డ్.

“ఒమెర్, మా నాన్న పెంచే ముసలి పావురం కూడా ఇంత వానలో గూడు దాటదయ్యా. నీకెందుకు చెప్పు?” అన్నాడు జట్టులో ఒకడు. అంతా నవ్వారు. వార్డ్ నవ్వలేదు. ఆ జాలి చూపు ఒమెర్‌కి నవ్వుకన్నా ఎక్కువ గుచ్చుకుంది.

వార్డ్ లేచి ట్రైనర్ వాన్ హెక్ దగ్గరికెళ్లి చెవిలో ఏదో గొణిగాడు. ట్రైనర్ ఒమెర్ వైపు ఒకసారి చూసి, భుజాలెగరేశాడు.

“మొత్తం మారదుగా. ఎవడైతే నాకేంటి?”

తన మీద ఆశ వదులుకున్న మాటలా వినిపించింది ఒమెర్‌కి.

తుపాకి పేలింది. ఆరు దేశాలవాళ్లు ఒక్కసారిగా బురద చిమ్ముతూ కదిలారు. కంచెలు, కాలవలు, మళ్లీ కంచెలు. ఒమెర్ కళ్లు ముందున్న వార్డ్ వీపునే పట్టుకున్నాయి. వాడు మాటిమాటికీ వెనక్కి తిరిగి చూస్తున్నాడు. ఒకచోట చెయ్యి కూడా ఊపాడు.

“రా అన్నా, ఇంకొంచెం.”

‘వెక్కిరిస్తున్నాడు’ అని పళ్లు నూరాడు ఒమెర్.

ఆఖరి చుట్టులో తాడు అవతల గొడుగు పట్టుకుని నిలబడింది సిడోనీ. మొగుడు కనిపిస్తూనే ఉన్నాడు, అయినా ఆమె అరిచింది మాత్రం ఇంకొకరి పేరు.

“వార్డ్, మనం అనుకున్నది మరచిపోకు.”

ఏమనుకున్నారు? ఎప్పుడనుకున్నారు? ఊపిరి మండుతున్నా ఒమెర్ ఇద్దరు ఇంగ్లండువాళ్లను దాటేశాడు. వార్డ్ మాత్రం దొరకలేదు. బెల్జియం తరఫున వార్డ్ ఆరోవాడు. వాడికి నాలుగు స్థానాల వెనక ఒమెర్, ఎప్పట్లాగే ఏడోవాడు.

గీత దాటినవాళ్లను తాళ్ల మధ్య వరసగా నడిపిస్తూ, వచ్చిన స్థానం చెక్కిన ఇత్తడి బిళ్ళ ఒక్కొక్కరి చేతిలో పెడుతున్నారు. ట్రైనర్ ఆరు బిళ్ళలూ పేర్లతో సహా కవరులో వేసి జడ్జీలకివ్వాలి. బిళ్ళ అందకపోతే మనిషి రానట్టే లెక్క.

తాళ్ల చివర వార్డ్ కాచుకుని ఉన్నాడు. మొహం సున్నం కొట్టినట్టుంది. ఒమెర్ రాగానే తన బిళ్ళ అతని గుప్పిట్లో కుక్కి, నోరు తెరవబోయి, కడుపు పట్టుకుని కంచె వెనక్కి పరుగెత్తాడు. వాంతి చప్పుడు వినిపించింది.

‘నౌకరునా వీడికి, వస్తువులు మోయడానికి?’

ఒమెర్ చేతిలో రెండు బిళ్ళలున్నాయి. వార్డ్‌ది లేకపోతే తనే ఆరోవాడు. మహా అయితే జట్టు మొత్తం నాలుగు పెరుగుతుంది. అడిగితే వాంతి చేసుకుంటూ ఎక్కడో పారేసుకున్నాడనొచ్చు. వాడు తనకే ఇచ్చానంటాడు. అననీ, సాక్షి ఎవరు?

గుర్రాలు దూకే నీళ్ల గుంట పక్కనే ఉంది. అటూ ఇటూ చూసి, వార్డ్ బిళ్ళను అందులోకి జారవిడిచాడు. మురికినీళ్లు దాన్ని మింగేశాయి.

గుడారంలో వాన్ హెక్ కవరు పట్టుకుని కంగారుగా తిరుగుతున్నాడు. “ఐదొచ్చాయి. ఆరోది ఏదయ్యా? జడ్జీలు ఊరుకోవడం లేదు. వార్డ్ నీకన్నా ముందొచ్చాడుగా?”

“కంచె వెనక కక్కుకుంటున్నాడు. చేతిలో బిళ్ళ ఉన్నట్టు లేదు.”

“ఆ బురదలో పడేశాడా ఏంటి ఖర్మ? సరే, వాడొచ్చేదాకా చూద్దాం. లేదంటే నీదే వేస్తాను.”

బల్ల మీద కూర్చున్నాడు ఒమెర్. గుప్పిట్లో తన బిళ్ళ చెమటకి తడిసింది. ఇన్నేళ్లకి తన పేరు ఆ కవరులోకి వెళ్లబోతోంది. లోపలెక్కడో తియ్యగా ఉంది.

దుప్పటి కప్పుకుని తూలుతూ వచ్చాడు వార్డ్.

“నీ బిళ్ళేదిరా?” అరిచాడు ట్రైనర్.

అబద్ధం నాలుక చివర సిద్ధంగా పెట్టుకున్నాడు ఒమెర్. వార్డ్ అతని పక్కనే కూలబడి, మిగతావాళ్లకి వినపడకుండా గొంతు తగ్గించి, ఖాళీ అరచెయ్యి చాపాడు.

“వదినా నేనూ అనుకున్నదే. నా బిళ్ళ నీ పేరుతో ఇచ్చి మెడల్ నువ్వు తీసుకో అన్నా, నీది నాకివ్వు.”