నీలం పెంకుల ఇల్లు

నాకు చదువు రాదు. సినిమాలకు బొమ్మ ఊళ్లు కట్టడం వచ్చు. టోక్యోలో నాకంటే బాగా కట్టేవాడుంటే చూపించండి. రాకాసి అడుగు పడగానే సుద్దతో కట్టిన ఇల్లు పొడైపోవాలి. అదీ పనితనం.

ఆ రాకాసి కథలు రాసేది కుజుమి. తొమ్మిది సినిమాల్లోనూ ఊరంతా తొక్కించి, నీలం పెంకుల ఇల్లొక్కటి మిగిల్చాడు. పదో సినిమాకు దర్శకుడు తెగేసి చెప్పాడు. ఆ ఇల్లూ కూలాలి, లేదంటే వేరే రచయిత వస్తాడు.

కుజుమి నా రంపపు పొట్టులో మోకరిల్లి, నుదురు నేలకానించాడు. "మేస్త్రీ, విరగని చెక్కతో కట్టు. నీకు పుణ్యముంటుంది."

"విరక్కపోతే నా పరువేం కానూ? సుద్ద కొంపకి ఇంత ఏడుపేంటయ్యా?"

"అది మా ఇల్లు. యుద్ధంలో బాంబులు పడ్డ రోజు వెనక తలుపు బిగుసుకుపోయింది. లోపల అమ్మ. బయట నేను లాగుతూనే ఉన్నా. రాలేదు."

నేను మాత్రం సుద్దతోనే కట్టాను.

షూటింగ్ రోజు రాకాసి తోలు తొడుక్కున్నవాడు కాలెత్తబోతుంటే కుజుమి కళ్లు మూసుకున్నాడు. "మొగాడివేనా? ఇటొచ్చి చూడు" అంటూ రెక్క పట్టుకుని సెట్టు వెనక్కి ఈడ్చుకెళ్లాను.

కెమెరాకు కనపడని ఆ వైపు, నీలం పెంకుల ఇంటి వెనక తలుపు బార్లా తెరిచి ఉంది.